ఏజెన్సీలో మా నాన్నగారు కొన్న ఆరెకరాలు మాకు దక్కుతాయా?

ప్రశ్న: మాది రావులపాలెం దగ్గర పల్లెటూరు. 1982లో మా నాన్నగారు బుట్టాయగూడెం మండలంలో ఆరెకరాల మెట్ట కొన్నారు. అమ్మినాయన గిరిజనుడు కాదు, మాలాగే కింద నుంచి వెళ్లి అక్కడ స్థిరపడిన రైతు. రిజిస్ట్రేషన్ అవదంటే స్టాంపు కాగితం మీద రాయించుకున్నారు. జీడిమామిడి తోట పెంచాం, బోరు వేశాం, పాసు పుస్తకం కూడా వచ్చింది. ఇప్పుడు స్పెషల్ డిప్యూటీ కలెక్టర్ కోర్టు నుంచి ఏజెన్సీ భూముల చట్టం 1/70 కింద నోటీసు వచ్చింది. కొన్నవాళ్లూ అమ్మినవాళ్లూ గిరిజనేతరులే అయితే ఈ చట్టం మాకెలా వర్తిస్తుంది? నలభై ఏళ్ల స్వాధీనానికి విలువ లేదా? తోట చూసే కోయ అతని పేరున రాసేస్తే గొడవ ఉండదని ఒకరు అంటున్నారు. నాన్నగారు టెన్షన్‌తో నిద్రపోవడం లేదు.

జవాబు: మీకు ఊరటనిచ్చే మాట చెప్పాలనే ఉంది. కానీ మీరు రాసిన వివరాలను బట్టి ఆ కొనుగోలు చెల్లదు. ఈ మాట వాయిదాల మీద వాయిదాలు తిరిగి, ఫీజులు కట్టాక తెలియడం కన్నా ఇప్పుడే తెలియడం మంచిది.

చాలామంది అనుకుంటున్నట్టు ఈ చట్టం గిరిజనుడు అమ్మితేనే అడ్డుపడదు. షెడ్యూల్డ్ ప్రాంతంలోని, అంటే ఏజెన్సీలోని, భూమిని ఎవరు అమ్మినా, కొనేవాడు గిరిజనుడో, గిరిజనులు మాత్రమే సభ్యులుగా ఉన్న సహకార సంఘమో అయి ఉండాలి. 1959 నాటి భూబదలాయింపు రెగ్యులేషన్‌కు 1970లో చేసిన సవరణ, అంటే 1/70, చెప్పేది ఇదే. అది 1970 ఫిబ్రవరి 3 నుంచి అమల్లోకి వచ్చింది. మీ కాగితం 1982ది. అమ్మకమే కాదు, కౌలు, తనఖా, దానం, మార్పిడి, చివరికి అమ్ముతానని రాసుకున్న అగ్రిమెంటు కూడా ‘బదలాయింపు’ కిందికే వస్తాయి. కాబట్టి పొగాకు కోసం అక్కడ పొలాలు కౌలుకు తీసుకుంటున్న మన డెల్టా రైతులు కూడా ఈ మాట గమనించాలి.

ఇద్దరు గిరిజనేతరుల మధ్య అమ్మకాన్ని ఎందుకు ఆపాలి? ఇది అన్యాయం కాదా అని మీ నాన్నగారు అడిగి ఉంటారు. దీనికి కాస్త వెనక్కి వెళ్లాలి. 1879 రంప తిరుగుబాటుకు చిగురుపన్ను (కల్లు మీద పన్ను) ఒక కారణమైతే, మైదానం నుంచి వెళ్లిన వర్తకులు ఇంకో కారణం. అప్పులిచ్చి, అన్యాయమైన ఒప్పందాలు రాయించుకుని, కొండవాళ్లకు తెలియని చట్టాలతో దావాలు వేసేవారు. కొండవాళ్లు కోర్టుకు రాకుండానే ఎక్స్‌పార్టీ డిక్రీలు పొంది ఆస్తి జప్తు చేయించేవారు. 1917లో అప్పటి మద్రాసు ప్రభుత్వం ఏజెన్సీ భూముల చట్టం తెచ్చి, గిరిజనుడి భూమి అనుమతి లేకుండా బయటివారికి పోకూడదంది. 1959లో రాజ్యాంగం ఐదో షెడ్యూలు కింద కొత్త రెగ్యులేషన్ వచ్చింది. అయినా ఒక కంత మిగిలిపోయింది. ఒకసారి ఎలాగోలా గిరిజనేతరుడి చేతికి వచ్చిన భూమి, ఆ తర్వాత గిరిజనేతరుల మధ్య ఎన్ని చేతులైనా మారవచ్చు. 1970 సవరణ ఆ కంతను మూసింది. 1988లో పి. రామిరెడ్డి కేసులో సుప్రీంకోర్టు కూడా దాన్ని సమర్థించింది. నా మటుకు నాకు అది న్యాయమైన తీర్పు. కోయ, కొండరెడ్డి కుటుంబాలకు ప్రభుత్వం ఇచ్చిన మాటల్లో కాస్తయినా పళ్లున్నది ఇదొక్కటే.

అందులోనే ఇంకో నిబంధన ఉంది. ఏజెన్సీలో గిరిజనేతరుడి చేతిలో ఉన్న భూమి గిరిజనుడి నుంచే వచ్చిందని చట్టం ముందే అనుకుంటుంది. కాదని రుజువు చేయాల్సింది మీరే.

పాసు పుస్తకం, కరెంటు బిల్లు, శిస్తు రసీదు సాగులో ఉన్నారని చూపిస్తాయేమో గానీ, చెల్లని కొనుగోలును చెల్లేలా చేయవు. ఇక నలభై ఏళ్ల స్వాధీనం గురించి: ఒడిశాలోని ఇలాంటి రెగ్యులేషన్ మీద 2004లో అమరేంద్ర ప్రతాప్ సింగ్ కేసులో, గిరిజనుల భూమిపై ఎన్నేళ్లున్నా బయటివారికి స్వాధీనపు హక్కు పుట్టదని సుప్రీంకోర్టు తేల్చింది.

కోయ అతని పేరున రాయించే ఆలోచన మాత్రం ఈ రోజే మానుకోండి. అది బినామీ. 1978 సవరణ తర్వాత ఉల్లంఘనకు జైలు శిక్ష కూడా ఉంది. పైగా మీ తోటలో కూలికి పనిచేసే మనిషిని కేసులోకి లాగడం పాపం. పాత తేదీ వేసి కొత్త కాగితం పుట్టిస్తామని ఎవరైనా వస్తే గుమ్మం దగ్గరే పంపేయండి. అది ఫోర్జరీ కేసు అవుతుంది.

మీకు మిగిలిన దారులు రెండే. మొదటిది, ఊరు. ఆ మండలంలో అన్ని గ్రామాలూ షెడ్యూల్డ్ కావు. 1950 నాటి రాష్ట్రపతి ఉత్తర్వులోని జాబితాలో మీ రెవెన్యూ గ్రామం ఉందో లేదో చూడండి. లేకపోతే ఈ రెగ్యులేషనే వర్తించదు, నోటీసు అక్కడితో పోతుంది. రెండోది, అమ్మినాయన హక్కు. ఆయన 1970కి ముందే మరో గిరిజనేతరుడి నుంచి రిజిస్టరు దస్తావేజుతో కొన్నాడేమో సబ్‌రిజిస్ట్రారు ఆఫీసులో ఈసీ (ఆ భూమి మీద జరిగిన రిజిస్టరు లావాదేవీల పత్రం) తీయించండి. అలాంటి లింకు (పాత) దస్తావేజులు దొరికినా మీ 1982 కొనుగోలు నిలవదు. కాకపోతే భూమి గిరిజనుడి నుంచి వచ్చిందనే అభియోగం పోయి, వ్యవహారం ఆయన వారసుల దగ్గరికి వెళ్తుంది. వాళ్ల నుంచి డబ్బు రాబట్టుకోవడం వేరే పోరాటం. ఇన్నేళ్ల తర్వాత దాని మీద పెద్దగా ఆశ పెట్టుకోమని చెప్పలేను.

నోటీసులో ఉన్న తేదీకి తప్పకుండా హాజరవండి. ‘రెవెన్యూ వాళ్ల నోటీసే కదా’ అని వదిలేస్తే ఎక్స్‌పార్టీ ఆర్డరు వస్తుంది, తర్వాత అప్పీలులో మీ మాట వినిపించడమే కష్టమవుతుంది. రాతపూర్వకంగా కౌంటరు (మీ జవాబు) వేయండి, ఈసీ నకళ్ల కోసం గడువు అడగండి. ఆర్డరు మీకు వ్యతిరేకంగా వస్తే ప్రభుత్వ ఏజెంటు, అంటే జిల్లా కలెక్టరు, దగ్గర అప్పీలు ఉంటుంది. అప్పీలుతో పాటే స్టే కూడా అడగాలి. అంతవరకూ తోటలో ఒక్క చెట్టూ కొట్టకండి, ఎవరికీ కౌలుకు ఇవ్వకండి. పంట డబ్బుల లెక్క రాసి ఉంచండి, ఎప్పుడైనా అడగవచ్చు.