మృతి చెందాడు, మృతి చెందారు: తేడా వ్యాకరణానిదా?

సందేహం: ఈమధ్య పత్రికలో ఒక రోడ్డు ప్రమాదం వార్త చదివాను. లారీ క్లీనర్ అక్కడికక్కడే 'మృతి చెందాడు' అని, కారులో ఉన్న అధికారి ఆసుపత్రిలో 'మృతి చెందారు' అని రెండు వాక్యాలూ పక్కపక్కనే ఉన్నాయి. క్లీనర్ వయసు 52, అధికారి వయసు 40. ఈ తేడాకు వ్యాకరణంలో ఆధారం ఉందా? మరొక సంగతి. మా తాత అరెకరం కొన్నప్పుడు రాయించుకున్న 1950ల నాటి క్రయ దస్తావేజు మా దగ్గర ఉంది. అందులో అమ్మినాయన పేరు చివర 'గారు' అని, మా తాత పేరు చివర 'గాడు' అని ఉంది. మేము మాదిగలం. ఇప్పుడు మా కుటుంబ చరిత్ర రాస్తున్నాను. తాత పేరు ఎలా రాయాలి?
– ఒక ఉపాధ్యాయురాలు, గుంటూరు జిల్లా

సమాధానం: వ్యాకరణంలో ఆధారం లేదు. ఈ మాట ముందుగానే తేల్చి చెబుతున్నాను, ఎందుకంటే ఈ తేడాను సమర్థించేవారు చాలామంది వ్యాకరణం చాటునే నిలబడతారు. 'క్లీనర్ ఏకవచనం కాబట్టి క్రియ కూడా ఏకవచనంలోనే ఉండాలి' అంటారు. మరి అధికారి ఏకవచనం కాదా? ఇంకొంచెం గట్టిగా వాదించేవారు 'కార్మికుడు, యువకుడు అని డుకారంతో ముగిసే పదానికి మరణించారు అనే క్రియ పొసగదు' అంటారు. అదే పత్రిక మొదటి పేజీ తిరగేయండి. 'పార్టీ అధ్యక్షుడు ప్రసంగించారు', 'ప్రతిపక్ష నాయకుడు విమర్శించారు' అని రోజూ అచ్చవుతూనే ఉంటుంది. అధ్యక్షుడికి పొసగిన క్రియ కార్మికుడికి పొసగకపోవడానికి కారణం వ్యాకరణ గ్రంథాలలో దొరకదు.

అలాగని 'డు' అనే ప్రత్యయంలో అవమానం ఉందని కూడా అనుకోవద్దు. పోతన భాగవతంలో గజేంద్రుడు 'ఎవ్వనిచే జనించు జగము' అని మొర పెట్టుకున్నది సాక్షాత్తు భగవంతుడికి. 'నీవే తప్ప నితఃపరం బెరుగ' అన్నదీ ఆయనతోనే. నన్నయ భారతంలో రాజులూ ఋషులూ ఒకరినొకరు 'నీవు' అనే సంబోధించుకుంటారు. ఈనాటికీ మనం 'పోతన రాశాడు' అంటాం, ఎవరూ నొచ్చుకోరు. ఒక్క మనిషిని బహువచనంలో చెప్పి గౌరవించే పద్ధతి మన భాషలో తరువాతి కాలంలో బలపడింది. బలపడుతూ బలపడుతూ వాడు, అతను, ఆయన, వారు అనే నాలుగు మెట్లు కట్టింది. మెట్లను ఇచ్చింది భాషే. ఎవరిని ఏ మెట్టు మీద నిలబెట్టాలో నిర్ణయించింది మాత్రం భూమి, కులం, కొలువు.

ఈ విషయంలో రోజర్ బ్రౌన్, ఆల్బర్ట్ గిల్మన్ అనే ఇద్దరు పండితులు 1960లో ఐరోపా భాషలను పరిశీలించి ఒక మంచి కొలబద్ద ఇచ్చారు. నువ్వు అన్నారా, మీరు అన్నారా అన్నది ఒక్కటే చూస్తే సరిపోదు, అన్న మాట అదే రూపంలో తిరిగి వస్తోందా లేదా చూడాలి. ఇద్దరు స్నేహితులు 'ఒరే' అనుకుంటే అది చనువు. ఒకరు 'ఒరే' అని, రెండోవారు 'అయ్యా' అనవలసి వస్తే అది అధికారం. మన ఊళ్లకు ఈ కొలబద్ద సరిగ్గా సరిపోతుంది. పదేళ్ల కుర్రవాడు డెబ్బై ఏళ్ల పాలేరును 'ఒరే' అని పిలిచేవాడు. ఆ ముసలాయన కుర్రవాణ్ణి 'చిన్నయ్యగారూ' అనేవాడు. చాలా ఊళ్లలో కులాలు వేరైనా మామ, బావ, అన్న అంటూ వరసలు కలుపుకొని పిలుచుకునేవారు. ఆ వరసలు తరచుగా వాడ పొలిమేర దగ్గరే ఆగిపోయేవి. అటు పక్కవారికి మామలూ బావలూ లేరని కాదు, ఊరు వారిని వరస పెట్టి పిలవలేదు.

'గాడు' సంగతీ ఇంతే. రూపంలో వాడు, వారు ఎలాగో గాడు, గారు అలాగే. మధ్య తేడా ఒక్క అక్షరం. అమ్మ ఒళ్లో పిల్లవాణ్ణి 'బుజ్జిగాడు' అన్నప్పుడు ఆ మాటలో ఉన్నది ముద్దే. ఆ పిల్లవాడు పెరిగి, పెళ్లాడి, మనవలను ఎత్తుకున్నా ఊరు దృష్టిలో 'గాడు'గానే మిగిలిపోతే, ఆ ఊరు అతణ్ణి పెద్దవాడు కానివ్వలేదని అర్థం. మీ దస్తావేజులో జరిగింది అదే. దస్తావేజు అంటే చట్టం ముందు ఇద్దరు సమానులు చేసుకున్న ఒప్పందం. ఒకరు సొమ్ము ఇచ్చారు, ఒకరు భూమి ఇచ్చారు. సొమ్ము ఇచ్చిన చేతిని భూమికి యజమానిగా ఒప్పుకున్న లేఖరి, ఆ మనిషి పేరును మాత్రం పాలేరుగానే రాశాడు. అతనికి మీ తాత మీద పగ ఉండనక్కర్లేదు. ఊరంతా అలాగే పిలుస్తుంటే అతని కలం కూడా అలాగే కదిలింది. నాకు బాధ కలిగించేది సరిగ్గా ఇదే: ఇందులో ఎవరూ తిట్టాలని తిట్టలేదు.

రోజూ వినిపించే పిలుపు చెవి దగ్గర ఆగదు, మనిషి తన గురించి తాను చెప్పుకునే మాటలోకి దిగుతుంది. నిజాం ఏలుబడిలోని తెలంగాణలో వెట్టి చేసిన జనం దొర ముందు 'నీ బాంచన్, కాల్మొక్త' అనవలసి వచ్చేది. బాంచ అంటే బానిస. ఇక్కడ దొర తిట్టనక్కర్లేదు. ఎదుట నిలబడినవారే తమను తాము బానిసగా చెప్పుకుంటే తప్ప మాట మొదలయ్యేది కాదు. 1946 నుంచి 1951 దాకా సాగిన సాయుధ పోరాటాన్ని తలచుకొనే పెద్దలు భూమి గురించి, వెట్టి గురించి చెబుతూ ఈ మాట ఆగిపోవడాన్ని కూడా విజయంగా చెప్పుకోవడంలో ఆశ్చర్యం లేదు.

ఒక్కో మనిషి విషయంలో జరిగిందే మొత్తం సముదాయం విషయంలోనూ జరిగింది. 1917లో బెజవాడలో పంచమ మహాసభ జరిగింది. దానికి అధ్యక్షత వహించిన భాగ్యరెడ్డి వర్మ గారు (పుట్టినప్పుడు ఆయన పేరు మాదరి భాగయ్య) ఆ సభ పేరునే ప్రశ్నించారు. పంచములు అనే మాట పురాణాలలో లేదు, మేము ఈ నేల మీద మొదటి నుంచీ ఉన్నవాళ్లం అన్నారు. సభ ఆది ఆంధ్ర మహాసభగా మారింది. 'ఐదోవాళ్లు' అని ఇతరులు పెట్టిన లెక్కను తోసి 'మొదటివాళ్లం' అని తామే చెప్పుకోవడం చిన్న విషయం కాదు. తరువాత గాంధీజీ ప్రచారంలోకి తెచ్చిన 'హరిజన' అనే మాటను అంబేద్కర్ గారు ఒప్పుకోలేదు. 1982లో కేంద్ర ప్రభుత్వం కుల ధ్రువపత్రాలలో ఆ మాట రాయవద్దని రాష్ట్రాలకు చెప్పింది. దయతో పెట్టిన పేరైనా పైనుంచి పెట్టిన పేరే కదా. దళిత అనే మాట నిలిచింది, ఎందుకంటే దాన్ని ఎత్తుకున్నవారు ఆ జనమే.

మీరు చెప్పిన కులం పేరు దగ్గరికే వస్తాను. 1994లో ప్రకాశం జిల్లా ఈదుముడిలో మొదలైన దండోరా ఉద్యమంలో వేలమంది తమ పేర్ల చివర 'మాదిగ' అని చేర్చుకున్నారు. శర్మ, శాస్త్రి, రెడ్డి, చౌదరి పేర్ల చివర ఉంటే ఎవరికీ వింతగా అనిపించని దేశంలో, మాదిగ అని కనబడగానే కొందరు 'పేరులో కులమెందుకు' అని ప్రశ్నించారు. ఆ ప్రశ్న అంతకుముందు ఎక్కడికి పోయిందో వారే చెప్పాలి. మరోవైపు, 1989 నాటి ఎస్సీ, ఎస్టీలపై అత్యాచారాల నిరోధక చట్టానికి 2015లో చేసిన సవరణ ప్రకారం, నలుగురి ఎదుట కులం పేరుతో దూషించడం నేరం. అదే మాట ఒకరి నోట నేరం, మరొకరి సంతకంలో గౌరవం. నిఘంటువులో దాని అర్థం మారలేదు. పలికేవారికీ ఆ పేరు మోసేవారికీ మధ్య సంబంధం మారింది.

ఒక జాగ్రత్త కూడా చెప్పాలి. ఏకవచనం వినబడిన ప్రతిచోటా అవమానం వెతకవద్దు. తెలంగాణలోనూ ఉత్తరాంధ్రలోనూ ఎన్నో ఇళ్లలో పెద్దవాళ్లను కూడా నువ్వు అనే అంటారు. మీరు అనే మాటను మర్యాదకు ఏకైక గుర్తుగా పెట్టుకున్నవారు అది విని 'వీళ్లకు మర్యాద తెలియదు' అని తీర్పు చెప్పడం మరో రకం చిన్నచూపు. చాలా ఇళ్లలో నాన్నను మీరు అనే పిల్లలు అమ్మను నువ్వు అంటారు; అమ్మ మీద గౌరవం తక్కువై కాదు. ఇంట్లో మాట వేరు, అచ్చులో మాట వేరు. అచ్చులో రాసేవారికి ఎవరితోనూ చనువు లేదు కనుక, అందరికీ ఒకే కొలత వాడటమే న్యాయం.

ఇక మీ పుస్తకం. దస్తావేజును యథాతథంగా ఉటంకించేటప్పుడు 'గాడు'ను దిద్దవద్దు. దిద్దితే ఆ కాలం చేసిన పని కనబడకుండా పోతుంది. కానీ మీ సొంత వాక్యంలో తాత గారి పేరుకు గారు చేర్చి, 'అరెకరం కొన్నారు' అని రాయండి. రెండు రూపాలూ ఒకే పేజీలో ఉంటే వివరణ కూడా అక్కర్లేదు.

వార్తల విషయానికి వస్తే, నా అభిప్రాయం స్పష్టం. పెద్దవాళ్లందరికీ 'రు' రాయాలి: క్లీనర్ మరణించారు, అధికారి మరణించారు. పసిపిల్లలకు 'బాలుడు మరణించాడు' అనడంలో తప్పు లేదు. నేరారోపణ ఉన్నవారి దగ్గర పత్రికలు తడబడతాయి: జేబులు కొట్టినవాడు 'అరెస్టయ్యాడు', కోట్లు కాజేశారన్న ఆరోపణ ఉన్న నాయకుడు 'అరెస్టయ్యారు'. ఇద్దరి మీదా నేరం ఇంకా రుజువు కాలేదు. ఏదో ఒకటే రాయండి.

మీరు అడగకపోయినా, మీరు స్త్రీ కనుక, ఉపాధ్యాయురాలు కనుక ఇంకొకటి చెప్పాలి. మగవారిలో అన్నిటికంటే కింది మెట్టు 'వాడు'. అది మనిషికి వాడే మాటే. ఆడవారిలో కింది మెట్టు 'అది'. చెట్టుకూ పశువుకూ వాడే మాట. తమిళ, కన్నడాలలో స్త్రీకి ఏకవచనంలో వేరే క్రియారూపం ఉంది, తెలుగులో లేదు. 1858 నాటి బాలవ్యాకరణంలో చిన్నయసూరి మహత్తుల నుంచి, అంటే మగవారిని తెలిపే మాటల నుంచి, స్త్రీలను, పశుపక్ష్యాదులను, జడపదార్థాలను వేరు చేశాడు. అది ఆయన కల్పించిన విభజన కాదు, భాషలో ఉన్నదే. దీనికి కులమూ పేదరికమూ తోడైతే ఏమవుతుందో వానాకాలం వార్తల్లో చూడవచ్చు: పిడుగుపాటుకు 'మహిళా కూలీ మృతి చెందింది', ఆ కిందనే 'గేదె మృతి చెందింది'. క్రియలో తేడా లేదు. అదే ఊరికి పరామర్శకు వచ్చిన ఎమ్మెల్యే స్త్రీ అయితే 'వచ్చారు', 'ఓదార్చారు'. ఆడవారికి 'రు' రాయడానికి భాష అడ్డురాదని దీన్నిబట్టే తెలుస్తోంది. మీ పిల్లలతో వ్యాసం రాయించేటప్పుడు 'నాట్లు వేసే ఆమె చెప్పారు' అని రాయిస్తే, వ్యాకరణం పేరుతో మార్కులు తగ్గించే అధికారం ఎవరికీ లేదు.