ఇగ్వానా వేళ్లు వణుకుతుంటే ముందు మార్చాల్సింది తిండి

సమాధానం: గుంటూరులో కిటికీ దగ్గర బోనులో పెంచుతున్న ఏడాది వయసు ఇగ్వానాకు (పెద్ద బల్లి జాతి జంతువు) రోజూ పాలకూర, వారానికి రెండు ఉడికించిన గుడ్లు పెడుతున్నామని, ఇప్పుడు కాలివేళ్లు వణుకుతున్నాయని రాశారు. ఇది కాల్షియం లోటు లక్షణమండీ. ఆలస్యం చేయకుండా సరీసృపాలు చూసే పశువైద్యుడికి చూపించండి. దవడ మెత్తబడితే ఎముకలు కూడా దెబ్బతింటున్నట్టే.

గుడ్డు ఈరోజే మానేయండి. ఇగ్వానా పూర్తి శాకాహారి. జంతు ప్రోటీన్ ఎక్కువకాలం పెడితే మూత్రపిండాలు పాడవుతాయి. పాలకూరలోని ఆక్సలేట్ అనే పదార్థం కాల్షియాన్ని పట్టేసి ఒంటికి అందనివ్వదు. చుక్కకూర, తోటకూర, మన గోంగూర కూడా ఆ కోవలోవే.

పళ్లెంలో ముప్పావు వంతుకు పైగా ఆకులే ఉండాలి: మునగాకు, మందారాకు, మల్బరీ ఆకు, ఒక్కటే కాకుండా కలిపి. గుంటూరులో మునగాకుకు కరువు లేదు కదా! ఈనెలు తీసి, సన్నగా తరగండి. పైన తురిమిన గుమ్మడి, కాస్త బీన్స్. బొప్పాయి, మామిడి అన్నీ కలిపినా పదోవంతు దాటొద్దు. బజారు ఆకుల మీద పురుగుమందు ఉంటుంది, బాగా నానబెట్టి రెండుసార్లు కడగండి. ఫాస్ఫరస్ లేని కాల్షియం కార్బొనేట్ పొడి ఎంత చల్లాలో బరువు చూసి వైద్యుడే చెప్పాలి.

ఇంత చేసినా యూవీబీ (ఎండలో ఉండే ఒక రకం అతినీలలోహిత కిరణాలు) లేకపోతే ఆ కాల్షియం ఒంటబట్టదు. మీరు బోను పెట్టిన కిటికీ అద్దం యూవీబీని ఆపేస్తుంది. పొద్దున ఏడు, ఎనిమిది మధ్య లేతెండలో వలబోనులో ఉంచండి, సగం నీడ తప్పనిసరి. మన వేసవిలో తొమ్మిది దాటితే వడదెబ్బకు చనిపోగలదు. మబ్బు రోజులకు యూవీబీ దీపం కావాలి.

ఒళ్లు వెచ్చబడ్డాకే తిండి పెట్టండి, చల్లగా ఉంటే అరగదు. కొత్త ఆకులు ముట్టకపోతే మొదట్లో పాలకూర కొద్దిగా కలిపి, వారంలో తగ్గించేయండి.