మలయాళ సినిమాలు చూసి యాక్టింగ్ అంటోంది!

ప్రశ్న: మా అమ్మాయి ఇంటర్ అయింది. ఓటీటీలో మలయాళ సినిమాలు చూసి, కొచ్చిలో మూడు నెలల యాక్టింగ్ కోర్సు చేస్తానంటోంది. అక్కడి హీరోయిన్ల గురించి యూట్యూబ్‌లో వచ్చేవి చూస్తే భయమేస్తోంది. మొన్న తను పెట్టిన రీల్ చూసి చుట్టాలు ఏదో అన్నారని నేనే తీయించేశాను. కొచ్చి మేలా, హైదరాబాదా?
– ఒక తల్లి, ఖమ్మం

జవాబు: అమ్మా, ఇలాంటి ఉత్తరాలు ఈమధ్య చాలా వస్తున్నాయి. అడిగేది ఏ ఊరు మేలని, లోపల గుబులు మాత్రం పిల్ల ఫొటో కింద ఎవడేం రాస్తాడోనని. రీల్ తీయించేశారు సరే, అన్నవాళ్లను ఏమన్నారు? రీల్ తీయించింది మీరేనన్నది మీ అమ్మాయికి గుర్తుండిపోతుంది. రేపు నిజంగా ఏదైనా జరిగితే ముందు మీకే చెప్పదు.

ఆ యూట్యూబ్ సంగతీ చెబుతాను. 2017లో ఒక నటిపై దాడి జరిగాక మలయాళ సినిమాల్లో ఆడవాళ్ల ఇబ్బందులు తెలుసుకోవడానికి కేరళ ప్రభుత్వం జస్టిస్ హేమ కమిటీ వేసింది. 2019 డిసెంబరులో అందిన నివేదిక 2024 ఆగస్టుకు గానీ బయటికి రాలేదు. షూటింగ్ స్పాట్‌లో బాత్రూమ్ లేక ఆడవాళ్లు మంచినీళ్లు తాగడం మానుకుంటున్నారని, రాతపూర్వక అగ్రిమెంట్లు ఉండవని అందులో ఉంది. థంబ్‌నెయిళ్లలో ఇవి కనిపించవు, ‘ఆ హీరో ఎవరు?’ అన్నదే కనిపిస్తుంది. మీరు నొక్కేదీ దాన్నే కదా!

అలాగని మన ఇండస్ట్రీయే నయం అనుకోకండి. అక్కడి నటీమణులు, టెక్నీషియన్లు డబ్ల్యూసీసీ అని సంఘం పెట్టుకుని పట్టుబట్టారు కాబట్టే ఇవి బయటపడ్డాయి. సినిమా యూనిట్లలో ఫిర్యాదుల కమిటీ ఉండాలని 2022లో కేరళ హైకోర్టు చెప్పిందీ వాళ్ల పిటిషన్ మీదే.

నా అనుమానమంతా ఆ మూడు నెలల కోర్సు మీద. చివర్లో ఒక పోర్ట్‌ఫోలియో చేతిలో పెట్టి, ఆడిషన్లు ఇప్పిస్తామంటారు. మలయాళ నటుల్లో మీ అమ్మాయికి నచ్చిన సహజత్వం నాటకాల్లోంచి, ఊరూరా ఫిల్మ్ సొసైటీల్లోంచి, చదివే అలవాటులోంచి వచ్చింది. దాన్ని ఫీజు కట్టించుకుని మూడు నెలల్లో ఎవరిస్తారు? పైగా భాష. త్రిశ్శూర్ యాస వేరు, కోళిక్కోడ్ యాస వేరు. మన పిల్ల చూసింది సబ్‌టైటిళ్లతో.

మన తెనాలి శారదగారికి మలయాళ సినిమాలకే రెండుసార్లు జాతీయ ఉత్తమ నటి అవార్డు వచ్చింది నిజమే. కానీ ఆవిడ నాటకాలాడి వచ్చిన మనిషి. హేమ కమిటీలో కూర్చున్నదీ ఆవిడే.

కాబట్టి ముందు ఇక్కడే డిగ్రీలో చేర్పించండి. మీ ఊళ్లో భక్త రామదాసు కళాక్షేత్రం ఉంది, నాటక సమాజాల వాళ్లను పలకరించండి. మూడేళ్లు స్టేజీ ఎక్కాక కూడా ఇదే మాట అంటే ఢిల్లీలో ఎన్ఎస్‌డీ (నేషనల్ స్కూల్ ఆఫ్ డ్రామా) ఉంది, హైదరాబాద్ సెంట్రల్ యూనివర్సిటీలో థియేటర్ ఆర్ట్స్ పీజీ ఉంది. కొచ్చి వెళ్లినా అప్పుడు వెళ్లొచ్చు. ఈలోగా ఆ కోర్సు వాళ్లకు ఫోన్ చేసి, పోయినేడు చేరిన అమ్మాయిలతో మాట్లాడించమనండి. కుదరదంటే అడ్వాన్స్ కట్టకండి.