గొర్రెతోలు మీద గీకితే దాగదు

(పాఠకుల ప్రశ్నలకు విజయనగరం నుంచి ఒక విశ్రాంత రికార్డు కీపర్ జవాబులు)

ప్రశ్న: అయ్యా, ఇంగ్లండులో రాజుగారి ఖజానా లెక్కలు 12వ శతాబ్దం నుంచి వరసగా దొరుకుతున్నాయని మా పాఠంలో ఉంది. మా తాతగారి పొలానికి నలభై ఏళ్ల నాటి అడంగల్ కూడా దొరకడం లేదు. వాళ్లవి ఎలా నిలిచాయి? రాసినవాళ్లే అంకెలు మార్చకుండా ఎవరు ఆపారు?
— డిగ్రీ విద్యార్థిని, బొబ్బిలి

జవాబు: అమ్మా, నీ రెండో ప్రశ్న ముందు తీసుకుంటాను. ముప్పై ఏళ్లకు పైగా రెవెన్యూ దస్త్రాల మధ్య పనిచేశాను. నన్ను వదలని ప్రశ్న అది.

నువ్వు చదివినవి పైప్ రోల్స్. తోలు మీద రాసి చుట్టిన పద్దులు. మిగిలినవాటిలో మొదటిది 1130 నాటిది, మొదటి హెన్రీ కాలానిది. అప్పుడు మన కళింగాన్ని అనంతవర్మ చోడగంగదేవుడు ఏలుతున్నాడు. ఆ వంశం వారి దానశాసనాలు ముఖలింగం గుడి రాళ్ల మీద నేటికీ ఉన్నాయి. అయితే రాతి మీద దానాలు చెక్కుతారు కానీ, బకాయిలు చెక్కరు. పైప్ రోల్సులో కట్టిన సొమ్ముతో పాటు బకాయిలూ ఉన్నాయి. రెండో హెన్రీ కాలంలో 1156 నుంచి మొదలై, 1832 దాకా అవి దాదాపు తెగకుండా సాగాయి.

జమాబందీ, అంటే ఏటా జరిగే ఊరి లెక్కల తనిఖీ, చూసినవాళ్లకు ఆ పద్ధతి సులువుగా బోధపడుతుంది. ఊరి లెక్కలు చంకన పెట్టుకుని కరణం వచ్చినట్టే, ఒక్కో జిల్లాలో రాజుగారి సొమ్ము వసూలు చేసే అధికారి, అంటే షెరీఫ్, ఏటా రెండుసార్లు ఎక్స్‌చెకర్ అనే రాజుగారి లెక్కల కచేరీ ముందుకు వచ్చేవాడు. ఈస్టరుకు కొంత సొమ్ము కట్టేవాడు. సెప్టెంబరు చివర మైకెల్‌మస్ పండుగకు పూర్తి లెక్క అప్పజెప్పేవాడు. పది అడుగుల పొడవు, అయిదు అడుగుల వెడల్పు ఉన్న బల్ల మీద గళ్ల గుడ్డ పరిచి, పెన్నీలకు, షిల్లింగులకు, పౌన్లకు వేరువేరు వరసల్లో బిళ్లలు పేర్చేవారు. చదువు రాని షెరీఫ్‌కు కూడా తాను ఎంత బాకీ ఉన్నాడో కంటికి కనిపించేది.

కట్టిన సొమ్ముకు రసీదు ఒక కర్రముక్క. హేజెల్ అనే చెట్టు పుల్ల మీద గాట్లు పెట్టేవారు. వెయ్యి పౌన్లకు అరచేతి మందం, వందకు బొటనవేలి మందం, ఒక పౌనుకు బార్లీ గింజంత. తరవాత పుల్లను నిలువుగా చీల్చి, సగం కట్టినవాడికి ఇచ్చి, సగం ఖజానాలో ఉంచేవారు. ఒకరు దొంగగాటు పెడితే రెండో సగంతో కలవదు.

ఇక తోలు సంగతి. లెక్కలకు గొర్రెతోలే వాడాలని రెండో హెన్రీ కోశాధికారి రిచర్డ్ ఫిట్జ్‌నీల్ రాశాడు. గొర్రెతోలు మీద అక్షరం గీకి దిద్దితే ఆ మచ్చ దాగదట. ఆ మాట మొదటిసారి చదివినప్పుడు నాకు మా రికార్డు గది గుర్తొచ్చింది. నేను పనిచేసిన ఒక కార్యాలయానికి ఒక పెద్దాయన పాత అడంగల్ నకలు కోసం వచ్చాడు. ఎర్రగుడ్డ మూట విప్పి, ఆయన సర్వే నంబరు ఉన్న పుట కిటికీ దగ్గర వెలుతురుకు పట్టి చూశాను. పేరు ఉన్నచోట కాగితం ఉల్లిపొరలా పలచబడి ఉంది. ఎవరో బ్లేడుతో గీకి, అదే రంగు సిరాతో మరో పేరు రాశారు. పోల్చి చూడడానికి రెండో ప్రతి లేదు. ఆయన ఒక్క మాట కూడా అనకుండా మెట్లు దిగి వెళ్లిపోయాడు. ఆ బాధ నాకు ఇంకా పోలేదు.

రెండో ప్రతి వాళ్లకు ఉంది. కోశాధికారి చెబుతుంటే ఒక లేఖకుడు రాసేవాడు. పక్కనే, రాజముద్ర చూసుకునే చాన్సలర్ తరఫు లేఖకుడు అదే పద్దును అక్షరం పొల్లుపోకుండా వేరే చుట్టలో ఎక్కించేవాడు. ఇద్దరూ వేరువేరు యజమానుల మనుషులు. లెక్కలను కాపాడింది ఆ ఏర్పాటే అని నా గట్టి నమ్మకం. చుట్టలు నిలవడానికి మరో కారణం కూడా ఉంది. నిరుడు తీరని బాకీని ఈ ఏటి చుట్టలోకి తేవాలంటే పాత చుట్ట చేతిలో ఉండాలి. అవసరం ఉన్నదాన్ని ఎవరూ పారేయరు. కర్రలకు ఆ అవసరం తీరిపోయింది. 1834 అక్టోబరు 16న వాటిని పొయ్యిల్లో వేసి కాలుస్తుంటే పార్లమెంటు భవనమే అంటుకుంది. తోలు చుట్టలు ఇప్పుడు లండన్‌లోని క్యూ అనే ప్రాంతంలో, జాతీయ దస్త్రాల భాండాగారంలో ఉన్నాయి.

తాతగారి పొలం పాత పన్ను రసీదులు ఇంట్లో ఉన్నాయేమో వెతుకు తల్లీ. అవి మీ వైపు సగం.

ప్రశ్న: మా నాన్నగారి దస్తావేజు చెదలు తినేసింది. రిజిస్ట్రారు ఆఫీసులో నకలు ఉంటుందన్నారు. ఇలా ప్రభుత్వం ఒక ప్రతి ఉంచుకోవడం ఆ రాజుల కాలంలో ఉండేదా?
— రైతు, టెక్కలి

జవాబు: ఉండేదండీ. 1195లో రాజుగారి ప్రధాన న్యాయాధికారి హ్యూబర్ట్ వాల్టర్ హయాంలో స్థిరపడింది. భూమి ఒప్పందాన్ని ఒకే తోలు మీద మూడుసార్లు రాసి, వంకరటింకరగా కోసేవారు. పై రెండు ముక్కలు ఇరుపక్షాలకు, అడుగు ముక్క రాజుగారి ఖజానాకు. దాన్ని ‘పాదం’ అనే పిలిచేవారు. తగాదా వస్తే వంకరలు కలిపి చూస్తే చాలు. మీరు నకలుకు వెళ్లేటప్పుడు దస్తావేజు నంబరు, సంవత్సరం రాసుకుని వెళ్లండి. నంబరు తెలియకపోతే నాన్నగారి పేరు, ఊరి పేరు చెప్పి సూచికలో వెతికించండి.