ఇంట్లో సదరన్ బ్రేక్‌ఫస్ట్: బిస్కట్ పిండిని చపాతీ పిండిలా కలపకండి

మీ ప్రశ్న చదివాను. శనివారం పొద్దున మీ ఆఫీసు స్నేహితులు పిల్లలతో ఇంటికి వస్తున్నారు, వాళ్ళకు అమెరికా దక్షిణ రాష్ట్రాల పద్ధతిలో సదరన్ బ్రేక్‌ఫస్ట్, అంటే బిస్కట్లు, వాటి మీద పోసుకునే చిక్కటి పాల గ్రేవీ, గ్రిట్స్ అనే మొక్కజొన్న రవ్వ జావ, గుడ్లు అన్నీ మీ చేత్తో చేసి పెట్టాలని ఉందన్నారు. రెండుసార్లు చేసి చూస్తే బిస్కట్లు రాళ్ళలా వచ్చాయి, గ్రిట్స్ ఉండలు కట్టాయి. పైగా గ్రేవీలో వేసే పంది మాంసం మీ ఇంట్లో తినరు. టెన్షన్ పడకండి. మూడింటికీ దారి ఉంది.

మాది కరీంనగర్ దగ్గర పల్లె. అమెరికాలోని జార్జియా రాష్ట్రానికి వచ్చి పదకొండేళ్ళు అయింది. ఈ వంట నాకు నేర్పింది మా పక్కింటి పెద్దావిడ. ఆమె పుట్టి పెరిగింది అలబామాలో, పత్తి చేలున్న ఊళ్ళో. వాళ్ళమ్మ తెల్లవారుజామున లేచి, ఇంటిల్లిపాదీ చేలోకి వెళ్ళేలోపు బిస్కట్లు కాల్చేదట. ఈ బ్రేక్‌ఫస్ట్ ఇంత బరువుగా ఎందుకుంటుందో నాకు అప్పుడు అర్థమైంది. ఇది పొలం పనికి వెళ్ళేవాళ్ళ తిండి.

ముందు బిస్కట్ల సంగతి. టీలో ముంచుకునే బిస్కట్ కాదిది. పైన కరకరలాడుతూ, లోపల పొరలు పొరలుగా విడిపోయే మెత్తని చిన్న రొట్టె. మీవి గట్టిగా రావడానికి కారణం మీ చేతికున్న చపాతీ అలవాటేనని నా నమ్మకం, ఎందుకంటే నాకూ అదే జరిగింది. చపాతీ పిండిని ఎంత మర్దిస్తే రొట్టె అంత మెత్తగా వస్తుంది. మర్దించేకొద్దీ గోధుమలోని గ్లూటెన్ బలపడి పిండి సాగుతుంది. బిస్కట్‌కు ఆ సాగుడు పనికిరాదు.

మొదటిరోజు నేను పిండిలో చెయ్యి పెట్టి అలవాటుగా పిడికిలితో నొక్కుతుంటే, ఆమె నా మణికట్టు పట్టుకుని ఆపింది. తర్వాత తను చేసి చూపించింది. వెడల్పాటి గిన్నెలో పిండి పోసి, మధ్యలో గుంట చేసి, అందులో చల్లటి బటర్‌మిల్క్ పోసింది, ఇక్కడ దుకాణాల్లో దొరికే చిక్కటి పుల్లటి మజ్జిగ అది. వేళ్ళు విడిగా చాపి, గిన్నె అంచు నుంచి పిండిని కొంచెం కొంచెంగా లోపలికి లాగుతూ పది పన్నెండు సార్లు తిప్పింది, అంతే. పిండి ఇంకా అక్కడక్కడా పొడిగా, వేళ్ళకు అంటుకుంటూ ఉంది. 'ఇంకా కలవలేదు' అన్నాను. కలవనక్కర్లేదంది. అదే అసలు కిటుకు.

కొలతలు ఇవి. రెండు కప్పుల సెల్ఫ్ రైజింగ్ పిండి (బేకింగ్ పౌడర్, ఉప్పు ముందే కలిపి అమ్మేది), ఆరు టేబుల్ స్పూన్ల వెన్న, ముప్పావు కప్పు నుంచి ఒక కప్పు బటర్‌మిల్క్. పిండి విషయంలో రాజీ పడకండి. వైట్ లిలీ అని దొరుకుతుంది, 1883లో టెనెసీలోని నాక్స్‌విల్‌లో మొదలైన కంపెనీది. మెత్తరకం గోధుమతో చేస్తారు, ప్రొటీన్ తక్కువ, అందుకే బిస్కట్లు తేలిగ్గా వస్తాయి. అది దొరకకపోతే రెండు కప్పుల మామూలు ఆల్ పర్పస్ పిండిలో (మన మైదా లాంటిది) మూడు టీస్పూన్ల బేకింగ్ పౌడర్, అర టీస్పూన్ ఉప్పు కలుపుకోండి. బటర్‌మిల్క్ బదులు మనింటి పల్చటి మజ్జిగ పోయకండి. ముప్పావు వంతు పుల్లటి పెరుగులో పావు వంతు పాలు కలిపితే సరిపోతుంది.

వెన్నను శుక్రవారం రాత్రే ఫ్రీజర్‌లో పెట్టి, పొద్దున గట్టిగా ఉండగానే క్యారెట్ తురిమినట్టు తురమండి. ఆ తురుమును పిండిలో వేళ్ళ కొసలతో కలపండి. ఓవెన్ వేడికి ఆ వెన్న ముక్కలు కరిగి, వాటిలోని నీరు ఆవిరై పొరలను పైకి లేపుతుంది. వెన్న ముందే కరిగిపోతే పొరలు రావు.

కలిపిన ముద్దను పిండి చల్లిన బల్ల మీద వేసి, అప్పడాల కర్ర జోలికి పోకుండా అరచేత్తో అంగుళం మందాన అద్దండి. దాన్ని దుప్పటిలా మడిచి మళ్ళీ అద్దండి. ఇలా మూడు నాలుగు సార్లు చాలు. కోసేటప్పుడు కట్టర్‌ను నిటారుగా కిందికి నొక్కి నిటారుగానే పైకి తీయాలి. తిప్పితే అంచులు అతుక్కుపోయి బిస్కట్ పైకి లేవదు. ఇనప మూకుడులో ఒకదానికొకటి తగిలేలా పేర్చండి. ఆసరా ఉంటే ఎత్తుగా పొంగుతాయి. ఓవెన్ ముందే 475 డిగ్రీల ఫారన్‌హీట్‌కు వేడెక్కి ఉండాలి. 12 నుంచి 15 నిమిషాల్లో పైన బంగారు రంగు వస్తుంది.

ఇక గ్రిట్స్. నాకు ఎక్కువ ఇష్టమైనది ఇదే. మా ఇంట్లో మక్క గట్క తిని పెరిగాను. మొదటిసారి ఇక్కడ గ్రిట్స్ నోట్లో పెట్టుకున్నప్పుడు మా అమ్మమ్మ వంటిల్లు గుర్తొచ్చింది. గ్రిట్స్ అంటే మక్క రవ్వే. తెల్లవాళ్ళు రాకముందు నుంచీ ఇక్కడి ఆదివాసులు మొక్కజొన్నను దంచి ఇలా వండుకునేవాళ్ళు. జార్జియా ప్రభుత్వం 2002లో దీన్ని రాష్ట్ర అధికారిక వంటకంగా ప్రకటించింది కూడా.

మీరు వాడింది ఇన్‌స్టంట్ పొట్లం అయితే దాన్ని పక్కన పెట్టేయండి. రాతి మీద విసిరిన స్టోన్ గ్రౌండ్ గ్రిట్స్ తెచ్చుకోండి. రాత్రి నానబెడితే పొట్టు పైకి తేలుతుంది, పొద్దున దాన్ని గరిటెతో తీసేయండి. ఒక కప్పు రవ్వకు మూడు కప్పుల నీళ్ళు, ఒక కప్పు పాలు. నానబెట్టిన నీళ్ళను కూడా ఈ కొలతలోనే లెక్కేసుకోండి. ఉప్పు మొదట్లోనే వేయాలి, చివర్లో వేస్తే రవ్వకు పట్టదు. మిగతా నీళ్ళు, పాలు ఎసరు పెట్టి, అది మరుగుతుంటే ఒక చేత్తో నానిన రవ్వను దాని నీళ్ళతో సహా సన్నటి ధారగా వదులుతూ రెండో చేత్తో ఆపకుండా తిప్పండి. ఉప్మా చేసేటప్పుడు రవ్వ పోసినట్టే. ఒకేసారి కుమ్మరిస్తేనే ఉండలు కడతాయి. తర్వాత మంట బాగా తగ్గించి, మూతపెట్టి, నాలుగైదు నిమిషాలకోసారి అడుగంటకుండా కలుపుతూ 45 నిమిషాలు ఉడకనివ్వండి. చిక్కబడితే వేడినీళ్ళు పోయండి. దించే ముందు వెన్న, మిరియాల పొడి. పిల్లలున్నారు కాబట్టి సగం వేరే గిన్నెలోకి తీసి షార్ప్ చెద్దార్ చీజ్ తురుము కలపండి, ముందు ఖాళీ అయ్యేది ఆ గిన్నే.

గ్రేవీకి ఇక్కడ పంది మాంసం సాసేజ్, అంటే మసాలా కలిపిన కీమా వాడతారు. మీరు చికెన్ కీమాతో చేయొచ్చు. అర కిలో కీమాలో ఉప్పు, దండిగా మిరియాల పొడి, ఎండిన సేజ్ ఆకు ఒకటిన్నర టీస్పూన్, కొంచెం ఎండుమిర్చి పలుకులు కలిపి రాత్రే ఫ్రిజ్‌లో పెట్టండి. సేజ్ మానొద్దు. ఆ వాసన లేకపోతే తినేవాళ్ళకు అది బ్రేక్‌ఫస్ట్ సాసేజ్ అనిపించదు. మన గరం మసాలా మాత్రం దరిచేరనీయకండి. చికెన్‌లో కొవ్వు తక్కువ కాబట్టి మూడు టేబుల్ స్పూన్ల వెన్నలో కీమాను ఎర్రగా వేయించండి. దాని మీదే నాలుగు టేబుల్ స్పూన్ల ఆల్ పర్పస్ పిండి చల్లి, పచ్చివాసన పోయేదాకా రెండు నిమిషాలు తిప్పండి. మూడు కప్పుల చిక్కటి పాలు కొంచెం కొంచెంగా పోస్తూ కలపండి. గరిటె వెనక పట్టుకునేంత చిక్కబడితే చాలు, ఆపేయండి. చల్లారేకొద్దీ ఇంకా గట్టిపడుతుంది.

శాకాహారులు ఎవరైనా వస్తే టమాటా గ్రేవీ చేయండి. అది కూడా ఇక్కడి పాత వంటే, నేనేమీ మార్చి చెప్పడం లేదు. వెన్నలో పిండి వేయించి, చిదిమిన టమాటాలు, కొంచెం పాలు, మిరియాలు వేసి ఉడికిస్తారు. నిజం చెప్పాలంటే మా ఇంట్లో ఎక్కువసార్లు అయ్యేది అదే.

వరస తప్పితే అన్నీ చల్లారిపోతాయి. తొమ్మిదికి తినాలంటే ఎనిమిదికల్లా గ్రిట్స్ పొయ్యి ఎక్కాలి. అవి ఉడుకుతుండగా గ్రేవీ. ఎనిమిదీ ముప్పావుకు బిస్కట్లు ఓవెన్‌లోకి. గుడ్లు మాత్రం అందరూ కూర్చున్నాకే కొట్టండి, ముందే చేసి పెడితే రబ్బరులా అవుతాయి.

పక్కన తీపికి ఒకటి ఉంచండి, సార్గమ్ సిరప్. పేరు కొత్తగా ఉన్నా అది తీపి జొన్న చొప్ప రసమే. గానుగాడి, వెడల్పాటి పెనాల్లో గంటల తరబడి కాచి చిక్కబరుస్తారు, మన బెల్లం బట్టీల దగ్గర చెరకు రసం కాచినట్టే. మా పక్కింటావిడ పళ్ళెంలో ఒక చెంచా మెత్తటి వెన్న, దాని మీద సిరప్ వేసి, ఫోర్క్‌తో రెండూ కలిసిపోయేదాకా చిదిమి, వేడి బిస్కట్‌ను విరిచి అందులో అద్దుకుని తింటుంది. మీ అతిథుల్లో ఇక్కడి పల్లెల్లో పెరిగినవాళ్ళు ఉంటే ఆ సీసా చూడగానే వాళ్ళ ముఖం మారుతుంది, చూడండి.

మిగిలిన గ్రిట్స్ పారేయకండి. పళ్ళెంలో పరిచి ఫ్రిజ్‌లో పెడితే గట్టిపడతాయి. ఆదివారం పొద్దున ముక్కలు కోసి వెన్నలో రెండువైపులా ఎర్రగా కాల్చండి. నేనైతే ఒక ముక్క పక్కన పెట్టుకుని, మజ్జిగ, పచ్చిమిర్చి, ఉల్లిపాయతో తింటాను.