ప్రేమలో ‘మీరు’ ఎక్కడ, ‘నువ్వు’ ఎక్కడ

చి. అమ్మాయికి,

ఆశీస్సులు. నీ స్క్రిప్టు రెండుసార్లు చదివాను. మొదటిసారి కథ కోసం, రెండోసారి పెన్సిలు పట్టుకుని. పారిస్, 1791 నుంచి 1794 దాకా, జమీందారీ ఇంటి పిల్లకీ అచ్చాఫీసు కుర్రాడికీ ప్రేమ. ఫ్రెంచి విప్లవం నడుమ ప్రేమకథ, బాగుంది. ఇక నా గొణుగుడు విను.

ముందు చిల్లర తప్పులు. హీరో అన్నని 1791 డిసెంబరులో గిలటిన్ ఎక్కించావు. ఆ కత్తి మొదటిసారి మనిషి మెడ మీద పడింది 1792 ఏప్రిల్ 25న, అదీ ఒక దారిదోపిడీ దొంగ మెడ మీద. బాస్టీల్ జైలు ఫ్లాష్‌బ్యాక్‌లో వందలమంది ఖైదీలు సంకెళ్లు తెంచుకుని బయటికొచ్చారు. 1789 జూలై 14న లోపల ఉన్నది ఏడుగురే. 1794లో నీ హీరోయిన్ ‘ఆదివారం కలుద్దాం’ అంటుంది. అప్పటికి ప్రభుత్వ క్యాలెండర్లో ఆదివారమే లేదు. వారానికి పది రోజులు, పదో రోజు సెలవు. జనం నోట్లోంచి పాత వారాలు అంత తొందరగా పోలేదనుకో. కానీ నిఘా కమిటీ వాడు వినేచోట ఆదివారం అనడం వేరు. చూశావా, నీ తప్పులోనే ఒక సీను దాక్కుని ఉంది.

నా అసలు ఫిర్యాదు వేరే ఉంది. నీ ప్రేమికులిద్దరూ మొదటి సీను నుంచే ‘నువ్వు, నువ్వు’ అనుకుంటున్నారు.

ఫ్రెంచివాళ్లకి ‘తు’, ‘వూ’ ఉన్నాయి. మనకి ‘నువ్వు’, ‘మీరు’. ఇంగ్లీషులో రాసేవాడికి ఈ అదృష్టం లేదు, నీకు పుట్టుకతోనే ఉంది. ఆ కాలపు గొప్పిళ్లలో మొగుడూ పెళ్లాలు కూడా ‘వూ’ అనుకునేవాళ్లు. అలాంటి ఇంటి పిల్లని ఒక అచ్చాఫీసు కుర్రాడు నువ్వంటే ఆ ఒక్క మాటకే సీను నడవాలి. నా కుర్రతనంలో ఒక దొరసాని చేత మొగుణ్ణి ‘నువ్వు’ అనిపించాను. ఆ వేషం కట్టిన పెద్దావిడ, ‘నా నోటికి రాదు బాబూ, నువ్వే వచ్చి చెప్పు’ అని కూర్చుంది. షూటింగు ఆగిపోయింది. ఆమెదే రైటు.

ఇంతలో విప్లవం వచ్చి ఆ మాటనే తలకిందులు చేసింది. మస్యూ, మదామ్ పోయి సిత్వాయాఁ, సిత్వాయెన్ వచ్చాయి. (వీటిని తెలుగు చెయ్యకు. ‘పౌరురాలా’ అని పిలిస్తే మునిసిపాలిటీ నోటీసు చదివినట్టుంటుంది.) 1793 శరత్తులో, అందరూ అందర్నీ ‘తు’ అనాలని ప్రజాసంఘాలు అప్పటి చట్టసభ కన్వెన్షన్‌కి అర్జీ పెట్టుకున్నాయి. చట్టమైతే కాలేదు గానీ వాడుకలో అదే నడిచింది, ‘వూ’ అన్నవాడి మీద అనుమానం మొదలైంది. అనుమానితుల చట్టం సెప్టెంబరు 17నే వచ్చేసింది, అనుమానం చాలు జైలుకి. ఇప్పుడు నీ కుర్రాడి పరిస్థితి ఆలోచించు. వీధిలో ఆమెని ‘నువ్వు’ అనక తప్పదు. అందులో ప్రేమ లేదు, జాగ్రత్త ఉంది. తలుపు మూసుకున్నాక మెల్లగా ‘మీరు’ అంటాడు. మన సినిమాల్లో మీరు నుంచి నువ్వుకి దిగితే ప్రేమ. ఇక్కడ నువ్వు నుంచి మీరుకి ఎక్కితే ప్రేమ, అదీ తల పోయే ప్రేమ. నీ ఇంటర్వెల్‌లో ఉన్న గుర్రాల వేట కన్నా ఇది నాకు ఎక్కువ దడ పుట్టిస్తుంది.

పెళ్లి సీను కూడా మార్చు. 1794 పారిస్‌లో గంటలు మోగే చర్చి ఎక్కడిది? ముందటి నవంబరులోనే మూయించేశారు. 1792 సెప్టెంబరు 20 నుంచి పెళ్లి నమోదు మునిసిపాలిటీది. ఆ రోజునే విడాకుల చట్టం కూడా వచ్చింది, ఇద్దరూ ఒప్పుకుంటే చాలు. మొగుడు దేశం వదిలి పారిపోయినా విడాకులు ఇచ్చేవాళ్లు. దాంతో జప్తు కాకుండా ఆస్తి దక్కించుకోడానికి కాగితం మీద మొగుణ్ణి వదిలేసిన ఆడవాళ్లున్నారు. నీ హీరోయిన్ అక్కకి ఇప్పుడు పనేమీ లేదు, ఈ పని అప్పజెప్పు.

విలన్ గురించి ఒక్క మాట. పళ్లు నూరేవాడు వద్దు. పత్రికా రచయిత కమీయ్ దెమూలాఁ, ల్యుసీల్‌ల పెళ్లి 1790 డిసెంబరు 29న జరిగింది. సాక్షి సంతకం చేసినవాళ్లలో రోబెస్పియర్ ఉన్నాడు, పెళ్లికొడుకుతో కలిసి చదువుకున్నవాడు, తరవాత ఆ తలలు తీసే ప్రభుత్వంలో పెద్ద. మూడేళ్లు కావస్తుండగా, ఇక చంపడం ఆపండని కమీయ్ తన పత్రికలో రాశాడు. 1794 ఏప్రిల్ 5న అతని తల తీశారు. జైల్లో కుట్ర పన్నిందని ఏప్రిల్ 13న ల్యుసీల్‌ని కూడా. రెండేళ్లు నిండని కొడుకు మిగిలాడు. అదే రోజు ఆమెతోపాటు చనిపోయిన ఇంకో విధవ, ఏబేర్ పెళ్లాం. ఏబేర్, కమీయ్ ఒకరి మీద ఒకరు పత్రికల్లో నిప్పులు పోసుకున్న బద్ధశత్రువులు. ఆ ఇద్దరాడవాళ్లూ పక్కపక్కన కూర్చుంటే ఏం మాట్లాడుకుంటారో రాయగలవా? నా వల్ల కాలేదు. రెండుసార్లు మొదలెట్టి చింపేశాను.

నీ స్క్రిప్టులో గిలటిన్ నాలుగుసార్లు పడింది. ఒకటి ఉంచు, మిగతా మూడింటి చోట రొట్టె క్యూ పెట్టు. 1789 వేసవిలో నాలుగు పౌన్ల రొట్టె పద్నాలుగున్నర సూలు (అప్పటి చిల్లర నాణేలు), కూలివాడి రోజు సంపాదనలో సగం పైనే.

ప్రొడ్యూసరు ‘తెలుగు కనెక్షన్’ అడుగుతున్నాడని రాశావు. మలక్‌పేట దాటి ఆస్మాన్‌గఢ్ గుట్ట మీద రేమాన్ సమాధి ఉందని చెప్పు. నిజాం కొలువులో పటాలం నడిపి 1798లో పోయిన ఫ్రెంచివాడు, మూసారాంబాగ్ పేరు అతనిదే. కానీ అది ఇంకో సినిమా. నీ పారిస్ పిల్లని హైదరాబాద్ ఓడ ఎక్కించకు.

ఇరవై మూడో సీను, ఆ తలుపు మూసుకునే సీను, ముందు తిరగరాసి పంపు. ‘మీరు’ ఒక్కసారే రావాలి. ఎవరి నోట ముందు వస్తుందో నాకు చెప్పొద్దు, చదువుకుంటాను.

అమ్మకి నమస్కారాలు చెప్పు.

మీ మాస్టారు