సమాధానం: దేవుడు పలకకపోతే ఆశ వదిలేయాలా?

తమ్ముడూ, అమ్మ ఫొటో ముందు రోజూ దీపం పెడుతున్నా దేవుడు ఉలకడు పలకడు, ఇక ఆశ దండగేనా అని అడిగావు. కాదయ్యా. గోల్కొండ చెరలో ఏళ్ల తరబడి మగ్గిన రామదాసు, చేయించిన నగల లెక్క చెప్పి మరీ రాముణ్ణి నిలదీశాడు. ఆ తిట్లనే మనం భక్తిగా పాడుకుంటున్నాం. స్పెయిన్‌లో యోహాను అనే క్రైస్తవ సన్యాసి 1577లో చెరలో పడి, ఆ చీకట్లోనే కవితలల్లాడు. ముస్లిం భక్తులైన సూఫీలైతే భయం, ఆశ రెండూ పక్షికి రెక్కల్లాంటివి, రెండూ ఉండాల్సిందే అంటారు.

సంవత్సరీకాలయ్యాక ఒకసారి ద్రాక్షారామం వెళ్లు. కింద మసక వెలుతురులో భీమేశ్వర లింగం అడుగుభాగమే కనబడుతుంది. మెట్లెక్కి పై అంతస్తుకెళ్తేగానీ శిరసు దర్శనమవదు. మా నాన్న పోయాక నేను కిందే నిలబడి ఏడ్చాను, పైకెక్కడానికి చాలాసేపు పట్టింది.

దీపం మాత్రం మానకు. కోపమొస్తే ఆయనకే చెప్పు, గట్టిగా.